బంతాట గురువు సయ్యద్ అబ్దుల్ రహీం

ఉగాదినాడు పంచాంగ శ్రవణం చేసి, వేపపూత పచ్చడి ఆరగించి, రానున్న ఏటి ఆదాయ వ్యయాలను తెలుసుకోవడం మన ఆచారం. ఆ శుభవేళలో గతించిన పెద్దలను ఒకసారి తలచుకోవడం కూడా మంచి ఆచారమే. ప్రవాసాంధ్ర సంఘాల ఉగాది సంచికలలో కవులను గురించీ, ప్రభువులను గురించీ, దేశభక్తులను గురించీ వ్యాసాలు తరచు వస్తుంటాయి. అవి రావలసిందే. అయితే ఒక బడిలో డ్రిల్లు మాస్టరుగా పనిచేస్తూ, భారతదేశపు ఫుట్‌బాలు జట్టును ఆసియా ఖండంలో మొదటి స్థానానికి చేర్చిన ఒక హైదరాబాదు పంతులుగారి చరిత్ర మన పిల్లలలో చాలమందికి తెలియదు. ఆయన పేరు సయ్యద్ అబ్దుల్ రహీం. శిష్యులు, అభిమానులు ఆయనను రహీం సాహెబు అని గౌరవంగా పిలుచుకునేవారు.

తళి, డెంకణికోట, హోసూరు ప్రాంతాలలో స్థిరపడిన మన కుటుంబాలకు ఈ చరిత్ర ప్రత్యేకంగా చెప్పదగినది. మన ఇండ్లలో తెలుగు, సంతలో కన్నడం, కచేరీలో తమిళం వినబడుతుంది. ఒక్కొక్క వీధిలో మూడు నాలుగు భాషలవారు కలిసి కాపురం చేస్తున్నాము. రహీం సాహెబు ఉర్దూ మాట్లాడే హైదరాబాదీ. ఆయన చేతికి వచ్చిన పిల్లలలో తెలుగువారు, తమిళులు, మలయాళీలు, వంగీయులు, పంజాబీలు, గోవావారు, గూర్ఖాలు ఉన్నారు. వారందరికీ ఆయన నేర్పినది ఒక్కటే భాష: బంతిని పక్కవానికి అందించడం. ఆ భాష నేర్చుకున్న పదకొండుగురు కలిసి ఏమి సాధించగలరో 1962వ సంవత్సరంలో ప్రపంచం చూసింది.

బాల్యము, విద్య

రహీం సాహెబు 1909వ సంవత్సరం ఆగస్టు 17వ తేదీన హైదరాబాదులో జన్మించారు. అప్పుడు ఆ నగరం నిజాము రాజ్యానికి రాజధాని. నగరానికి ఆనుకొని ఉన్న సికిందరాబాదులో ఇంగ్లీషు సైన్యపు దండు ఉండేది. తిరుమలగిరి, బొల్లారం మైదానాలలో తెల్ల సోల్జర్లు సాయంకాలం వేళ బంతి ఆడుతుంటే చుట్టుపక్కల పిల్లలు గుంపులుగా నిలబడి చూసేవారు. చూసి చూసి తామూ ఆడడం మొదలుపెట్టారు. బూట్లు కొనే స్తోమత చాలమందికి లేదు. ఉత్త కాళ్లతోనే ఆడారు. మనకు పొరుగున ఉన్న బెంగుళూరు దండులో కూడా ఈ ఆట ఇదే విధంగా వ్యాపించింది. దక్షిణ దేశంలో ఈ రెండు నగరాలూ ఫుట్‌బాలుకు పుట్టిండ్లు కావడానికి ఇదే కారణం.

ఉస్మానియా విశ్వవిద్యాలయం 1918లో స్థాపితమైంది. రహీం అక్కడ చదివి పట్టభద్రులైనారు. విశ్వవిద్యాలయపు ఫుట్‌బాలు జట్టులో ఆడి పేరు తెచ్చుకున్నారు. కాలేజీలో అప్పుడు చదువుతున్నవారూ, చదువు ముగించినవారూ కలిసి 'ఎలెవెన్ హంటర్స్' అనే జట్టును నెలకొల్పుకొంటే అందులోనూ ఆడారు. తరువాత నగరపు లీగు పోటీలలో పేరుపొందిన ఖమర్ క్లబ్బు తరఫున ఆడారు. ఆటగాడుగా ఆయనకు ఆనాటి హైదరాబాదులో మంచి కీర్తే ఉండేది. అయినా ఆయన చరిత్రకెక్కినది మైదానం లోపల ఆడినందుకు కాదు. గీత బయట నిలబడి ఆడించినందుకు.

పంతులు ఉద్యోగం

చదువు పూర్తి కాగానే రహీం ఉపాధ్యాయ వృత్తిలో ప్రవేశించారు. కాచిగూడ మిడిల్ స్కూలు, ఉర్దూ షరీఫ్ స్కూలు, దారుల్ ఉలూం హైస్కూలు, చాదర్‌ఘాట్ హైస్కూలు ఆయన పనిచేసిన బడులు. వ్యాయామ విద్యలో డిప్లొమా సంపాదించి, చివరి రెండు బడులలో డ్రిల్లు, ఆటల బాధ్యతను స్వీకరించారు. దేశపు జట్టుకు శిక్షకుడైన తరువాత కూడా ఆయన స్వభావంలో బడిపంతులుతనం పోలేదు. పిల్లవాడు తప్పు చేస్తే ఎందుకు తప్పో చెప్పడం, తిరిగి తిరిగి చేయించడం, అందరికీ ఒకే నియమం పెట్టడం, వెనుకబడినవానిని ఒక కంట కనిపెట్టి ఉండడం ఆయన పద్ధతి.

ఇక్కడ ఒక పోలిక చెప్పడం అప్రస్తుతం కాదనుకుంటాను. మన కుటుంబాలలో చాలమంది పిల్లలు అమెరికాలో చదువుకుంటున్నారు. ఆ దేశంలో ఫుట్‌బాలు అనే పేరుతో ఆడే ఆట వేరు. కోడిగ్రుడ్డు ఆకారపు బంతిని చేత పట్టుకొని పరుగెత్తే ఆట అది. శరత్కాలం వచ్చిందంటే ప్రతి కాలేజీ జట్టుకూ ఒక పోటీల ఋతువు మొదలవుతుంది. ఆ మూడు నాలుగు నెలలూ ఊళ్లకు ఊళ్లు దాని గురించే ముచ్చటించుకుంటాయి. ఆ కాలేజీ ఆటలో అందరికంటే ప్రసిద్ధుడైన శిక్షకుడు నూట్ రాక్నీ. ఆయన కూడా మొదట నోటర్ డేమ్ విశ్వవిద్యాలయంలో రసాయనశాస్త్ర ప్రయోగశాలలో పనిచేసినవాడే. 1918 నుండి 1930 వరకు అక్కడి జట్టును నడిపి 105 ఆటలు గెలిపించాడు. ఓడినవి 12 మాత్రమే. 1924లో ఆయన జట్టు ఋతువంతా ఓటమి ఎరుగలేదు. 1931లో విమాన ప్రమాదంలో ఆయన మరణిస్తే దేశమంతా దుఃఖించింది. ఆయన పేరు ఈనాటికీ అక్కడి పిల్లలకు తెలుసు. మన రహీం సాహెబు కూడా విశ్వవిద్యాలయపు జట్టులో పెరిగి, పంతులై, జట్లను తీర్చిదిద్దినవారే. ఆయన పేరు మాత్రం మన పిల్లలకు తెలియదు. ఈ రెంటిలో ఉన్న భేదం ఆలోచించదగినది.

పోలీసు జట్టు

రహీం హైదరాబాదు ఫుట్‌బాలు సంఘానికి కార్యదర్శి అయినారు. 1943లో హైదరాబాదు సిటీ పోలీసు జట్టుకు శిక్షకులుగా కుదురుకున్నారు. ఆ రెండు బాధ్యతలనూ కన్నుమూసే వరకు వదలలేదు. సంఘం చేతిలో ఉండడం వలన నగరంలో జరిగే పోటీలకు కొత్త నియమాలు పెట్టగలిగారు. పోలీసు జట్టు చేతిలో ఉండడం వలన ఆ నియమాల ఫలితాన్ని దేశానికి చూపగలిగారు.

ఆ నియమాలలో కొన్నింటిని వివరించాలి. సామాన్యంగా నేర్పరి అయిన కుర్రవాడు బంతి కాలికి దొరికితే వదలడు. ఒకరిని తప్పించి, ఇద్దరిని తప్పించి, చూసేవారిచేత చప్పట్లు కొట్టించుకుంటాడు; మూడవవాడు బంతిని లాగుకొనిపోతాడు. ఈ జబ్బుకు రహీం సాహెబు ఒక మందు కనిపెట్టారు. బంతిని కాళ్ల మధ్య దొర్లించుకుంటూ పోవడం నిషేధించిన పోటీలు నడిపారు. బంతి కాలికి తగలగానే ఇంకొకరికి అందించవలసిందే. ఆ నియమం కింద ఆడే పిల్లవాడు బంతి తన దగ్గరకు రాకముందే తలయెత్తి చూసి, ఎవరికి ఇవ్వాలో నిశ్చయించుకోవాలి. బంతి తన దగ్గర లేనివాడు ఊరక నిలబడక ఖాళీ స్థలంలోకి పరుగెత్తాలి. ఆ విధంగా ఒక్క నియమంతోనే పదకొండుగురినీ ఆలోచించేటట్లు చేశారు.

రెండవ మందు, బలహీనమైన కాలితోనే ఆడవలసిన పోటీలు. కుడికాలివాటం వాడు ఎడమకాలితోనే తన్నాలి. మొదట్లో నవ్వులాటగా ఉంటుంది. ఒక ఏడాది గడిచేసరికి ఆ పిల్లవానికి రెండు కాళ్లూ సమానంగా పనిచేస్తాయి; ఎదుటివాడు వానిని ఏ పక్కనుండి అడ్డుకోవాలో తెలియక తికమకపడతాడు. వీటికి డబ్బు ఖర్చు లేదు. పరికరాలు అక్కరలేదు. ఒక మైదానం, ఒక బంతి, చెప్పిన మాట వినే పిల్లలు ఉంటే చాలు. బీద బడిలో పనిచేసిన పంతులుకు తోచే ఉపాయాలు ఇవి.

వీటి ఫలితం 1950లో కనబడింది. హైదరాబాదు రాజ్యం భారతదేశంలో కలిసి అప్పటికి రెండేళ్లు. ఆ ఏడాది సిటీ పోలీసు జట్టు ఢిల్లీలో జరిగిన డ్యూరాండు కప్పు తుదిపోటీలో కలకత్తా మోహన్ బగాన్ జట్టును ఓడించి కప్పు గెలుచుకుంది. ఫుట్‌బాలు అంటే కలకత్తాదేనని దేశమంతా నమ్మే రోజులవి. అదే ఏడాది బొంబాయిలో రోవర్స్ కప్పు కూడా గెలిచింది. ఆ కప్పును మొట్టమొదట గెలిచిన భారతీయ పౌర జట్టు మన పొరుగువారైన బెంగుళూరు ముస్లిమ్స్. అది 1937 నాటి మాట. హైదరాబాదు పోలీసులైతే 1950 మొదలు 1954 వరకు అయిదేళ్లు వరుసగా రోవర్స్ కప్పును ఎవరికీ వదలలేదు. అయిదు ఋతువులు, ఒకే జట్టు, ఒకే గురువు. 1954లో డ్యూరాండు కప్పు మరల వారిదే అయింది. 1957లోనూ అయింది. 1961లో ఆంధ్రా పోలీసు అనే పేరుతో ఇంకొకసారి అయింది. రాష్ట్రాల మధ్య జరిగే సంతోష్ ట్రోఫీని హైదరాబాదు 1956-57లోనూ, 1957-58లోనూ సంపాదించింది.

ఓటమి నేర్పిన పాఠం

1951లో మొదటి ఆసియా క్రీడలు ఢిల్లీలో జరిగాయి. భారత జట్టుకు రహీం సాహెబు శిక్షకులు. తుదిపోటీలో మేవాలాల్ కొట్టిన ఒక్క గోలుతో ఇరాను ఓడింది. భారతదేశానికి బంగారు పతకం లభించింది. దేశం సంతోషించింది. ఆ సంతోషంలో లోపాలు కప్పబడిపోయాయి.

మరుసటి ఏడాది, 1952లో, హెల్సింకి ఒలింపిక్సులో అవి బయటపడ్డాయి. యుగోస్లావియా చేతిలో మన జట్టు 10-1 గోళ్ల తేడాతో ఓడిపోయింది. మనవారిలో చాలమంది ఉత్త కాళ్లతో ఆడారు. ఎండకు ఎండిన మన మైదానాలలో చురుకుగా తిరిగే కాళ్లు ఆ చలి దేశపు నేలమీద పట్టు తప్పాయి. మనకు దక్కిన ఆ ఒక్క గోలు కొట్టినది బెంగుళూరు ముద్దుబిడ్డ అహమ్మద్ ఖాన్. ఉత్త కాళ్ల ఆటలో ఆయన నేర్పు ఈనాటికీ బెంగుళూరులో కథలుగా చెప్పుకుంటారు. అంతటి నేర్పు ఉన్నా జట్టు జట్టుగా నిలువలేకపోయింది.

అటువంటి పరాభవం తరువాత శిక్షకుడు తలవంచుకొని ఇంటికి పోయినా ఆశ్చర్యపడనక్కరలేదు. రహీం సాహెబు ఆ ఓటమిని పాఠ్యపుస్తకంగా చేసుకున్నారు. ఆ పోటీల తరువాత బూట్లు తొడుక్కొనే ఆడాలనే నియమాన్ని మన ఫుట్‌బాలు సమాఖ్య అమలులోకి తెచ్చింది. 1953లో హంగేరీ జట్టు ఇంగ్లండును వారి గడ్డమీదనే ఓడించి లోకాన్ని విస్మయపరిచింది. ఆ జట్టులో నడిమి ఫార్వర్డు ముందుకు పోయి నిలబడక, వెనుకకు జరిగి ఇతరులకు బంతి అందించేవాడు. అతనిని కాపు కాయవలసినవాడు ఎక్కడ ఉండాలో తెలియక గందరగోళపడేవాడు. ఈ ఎత్తును రహీం సాహెబు మన పిల్లలకు నేర్పించారు. వెనుక ఇద్దరే కాపు ఉండే పాత పద్ధతిని విడిచి, వెనుక నలుగురు, నడుమ ఇద్దరు, ముందు నలుగురు ఉండే అమరికవైపు మన జట్టును నడిపించారు. ఆ అమరికను 1958 ప్రపంచ పోటీలలో బ్రెజిలు జట్టు లోక ప్రసిద్ధం చేసింది. మన డ్రిల్లు మాస్టరు చూపు అంతకు ముందే ఆ దిక్కున ఉంది.

మెల్‌బోర్న్

1956 నవంబరు 1వ తేదీన ఆంధ్రప్రదేశ్ అవతరించింది. సరిగ్గా నెల తిరిగేసరికి, డిసెంబరు 1వ తేదీన, మెల్‌బోర్న్ ఒలింపిక్సులో భారత జట్టు ఆస్ట్రేలియాను వారి దేశంలోనే 4-2 గోళ్లతో ఓడించింది. నెవిల్ డిసౌజా మూడు గోళ్లు కొట్టాడు. ఒలింపిక్ ఫుట్‌బాలులో ఆసియా ఖండపు జట్టు ఒకటి సెమీఫైనలుకు చేరుకోవడం అదే మొదలు. ఆ సెమీఫైనలులో ఎదురైనది మరల యుగోస్లావియా. మొదటి గోలు మనవారే కొట్టారు. చివరకు 4-1తో ఓడారు. మూడవ స్థానపు పోటీలో బల్గేరియా 3-0తో గెలిచింది. మన జట్టు నాలుగవ స్థానంలో నిలిచింది. నాలుగేళ్ల కింద పది గోళ్లు తిన్న దేశం ఈ స్థితికి వచ్చింది.

ఆ జట్టులో హైదరాబాదు, సికిందరాబాదు మైదానాలలో కాళ్లు అరగదీసుకున్నవారు పలువురు ఉన్నారు. అజీజుద్దీన్, నూర్ మహమ్మద్, జుల్ఫికరుద్దీన్, గోల్‌కీపరు పీటర్ తంగరాజ్, ఇరవై ఏళ్లయినా నిండీ నిండని తులసీదాస్ బలరాం వారిలో కొందరు. బలరాం సంగతి చెప్పుకోదగినది. ఆయన సికిందరాబాదుకు దగ్గరి అమ్ముగూడలో బీద కుటుంబంలో పుట్టాడు. పిల్లవాని ఆట చూసి రహీం సాహెబు హైదరాబాదుకు ఎంపిక పోటీలకు రమ్మన్నారట. అంత దూరం రావడానికి తన దగ్గర సైకిలు అద్దెకు కూడా డబ్బు లేదని పిల్లవాడు చెబితే, ఆ అద్దె తానే ఇచ్చి రప్పించుకున్నారని చెబుతారు. ఆ అద్దె సైకిలు మీద వచ్చిన కుర్రవాడే తరువాత పి. కె. బెనర్జీ, చునీ గోస్వామిలతో కలిసి భారత ఫుట్‌బాలులో త్రిమూర్తులలో ఒకడైనాడు.

1958 టోకియో ఆసియా క్రీడలలో మనకు నాలుగవ స్థానమే దక్కింది. 1960 రోము ఒలింపిక్సులో బలమైన హంగేరీతో ఆడి 2-1తో ఓడినా, ఫ్రాన్సుతో 1-1గా సమానంగా నిలిచారు. పెరూతో 3-1తో ఓడి వెనుదిరిగారు. ఆ ఆటలలో మనవారు కొట్టిన మూడు గోళ్లలో రెండు బలరామువి. ఆ జట్టుతో రోముకు పోయినవారిలో రహీం సాహెబు కుమారుడు సయ్యద్ షాహిద్ హకీం కూడా ఉన్నారు. అయినా హకీం అక్కడ ఒక్క ఆటలోనూ బరిలో దిగలేదు. శిక్షకుని కుమారుడు గనుక ఆడించి తీరాలనే మాట ఆ గురువు దగ్గర చెల్లలేదని దీనివలన గ్రహించవచ్చు.

జకార్తా ఋతువు

1962 ఆగస్టు, సెప్టెంబరు మాసాలలో ఇండొనీషియా రాజధాని జకార్తాలో నాలుగవ ఆసియా క్రీడలు జరిగాయి. రహీం సాహెబు జీవితంలో అదే ఆఖరి ఘట్టం, అదే పరాకాష్ఠ.

ప్రారంభమే అశుభంగా కనబడింది. మొదటి ఆటలో దక్షిణ కొరియా 2-0తో మనలను ఓడించింది. రెండవ ఆటలో థాయిలాండును 4-1తో గెలిచినా, వెనుక కాపులో కొండవలె నిలిచే జర్నైల్ సింగుకు తలకు బలమైన గాయమై కుట్లు పడ్డాయి. గోల్‌కీపరు తంగరాజ్ జ్వరంతో మంచం పట్టాడు. జర్నైల్ లేకుండానే జపానును 2-0తో గెలిచి సెమీఫైనలుకు చేరారు.

మైదానం బయట మరొక ఇక్కట్టు వచ్చిపడింది. ఇజ్రాయేలు, తైవాను క్రీడాకారులను ఇండొనీషియా రానివ్వలేదు. ఇది క్రీడాధర్మానికి విరుద్ధమని మన దేశపు ప్రతినిధి జి. డి. సోంధి గట్టిగా వాదించారు. దానితో జకార్తాలో మన దేశంపై ఆగ్రహం రగిలింది. మన రాయబార కార్యాలయంపై గుంపులు దాడి చేశాయి. భారతీయులు ఏ ఆటలో కనబడినా ప్రేక్షకులు ఎగతాళి కేకలు వేశారు. బంతి ఆడడానికి పోయిన పిల్లలకు రాజకీయాలతో ఏమి పని? అయినా ఆ కోపమంతా వారే మోయవలసి వచ్చింది.

అప్పుడు రహీం సాహెబు ఎవరూ ఊహించని ఏర్పాటు చేశారు. తలకు కట్టుతో ఉన్న జర్నైల్ సింగును వెనుక కాపులో నిలపడం ప్రమాదం. ఎగిరి వచ్చే ప్రతి బంతినీ తలతో కొట్టవలసి వస్తుంది. అతనిని ఆటనుండి తప్పించడమూ నష్టమే. కాలేజీ రోజులలో అతడు ఫార్వర్డుగా ఆడినవాడని రహీం సాహెబుకు తెలుసు. అందుచేత సెమీఫైనలులో అతనిని ముందు వరుసలో నిలిపారు. దక్షిణ వియత్నాంపై మనవారు 3-2తో గెలిచారు. చునీ గోస్వామి రెండు గోళ్లు, జర్నైల్ ఒక గోలు కొట్టారు.

సెప్టెంబరు 4వ తేదీన తుదిపోటీ. ఎదుటివారు మొదట మనలను ఓడించిన దక్షిణ కొరియావారే. సెనయన్ స్టేడియంలో సుమారు లక్షమంది జనం. మన జాతీయ గీతం వినిపిస్తుంటే కూడా కేకలు ఆగలేదు. ఆ లక్షమందిలో మనవారికి ఉత్సాహమిచ్చినది పాకిస్తాను హాకీ జట్టువారని మన ఆటగాండ్రు తరువాత కృతజ్ఞతతో చెప్పుకున్నారు. ఆ క్రీడలలో హాకీ తుదిపోటీలో వారు మనలను ఓడించినవారే. ఆటలో వైరం ఆటతోనే పోతుందనడానికి ఇంతకంటె ఉదాహరణ అక్కరలేదు.

ముందురోజు రాత్రి గురువుగారు శిష్యులను కూర్చోబెట్టుకొని తనకు ఒక కానుక కావాలని, అది మరునాటి బంగారు పతకమని అడిగారని వారు తలచుకునేవారు. జ్వరం నుండి అప్పుడే లేచిన తంగరాజ్‌ను గోలులో నిలిపారు. అంతవరకు చక్కగా కాపు కాసిన ప్రద్యుత్ బర్మన్‌ను పక్కన పెట్టడం కఠినమైన నిర్ణయం. అయితే కొరియావారు బంతిని ఎత్తుగా వేసే ఆటగాండ్రు. వారికి ఆరడుగులు మించిన తంగరాజ్ చేతులు కావాలని ఆయన లెక్క. జర్నైల్ మరల ముందు వరుసలోనే నిలిచాడు.

ఆట మొదలైన 17వ నిమిషంలో పి. కె. బెనర్జీ గోలు కొట్టాడు. మూడు నిమిషాలకే జర్నైల్ సింగు రెండవ గోలు కొట్టాడు. స్టేడియం నిశ్శబ్దమైపోయింది. ఆ తరువాత గంటకు పైగా మనవారు కాచుకున్నారు. బలరాం, యూసుఫ్ ఖాన్, అరుణ్ ఘోష్, చంద్రశేఖర్, ఫ్రాంకో, ఒక్కొక్కరిది ఒక్కొక్క ఊరు, ఒక్కొక్క భాష. ఆట ముగియడానికి అయిదు నిమిషాల ముందు కొరియావారు ఒక గోలు కొట్టారు. అంతే. 2-1తో భారతదేశం గెలిచింది. బంగారు పతకాలు మెడలో వేసుకొని నిలిచిన శిష్యులను చూసి ఆ బడిపంతులు కన్నులు చెమర్చి ఉంటాయని ఊహించుకోవడం కష్టం కాదు.

అస్తమయము

ఆ విజయానికి తొమ్మిది నెలలు తిరిగేసరికి, 1963 జూన్ 11వ తేదీన, క్యాన్సరు వ్యాధితో రహీం సాహెబు పరమపదించారు. అప్పటికి వయస్సు యాభైమూడు సంవత్సరాలు. కుమారుడు హకీం వైమానిక దళంలో స్క్వాడ్రన్ లీడరుగా పనిచేసి, అంతర్జాతీయ రెఫరీగా, శిక్షకుడుగా పేరు గడించి, 2017లో ధ్యాన్‌చంద్ పురస్కారం అందుకొని, 2021లో స్వర్గస్థులైనారు. శిష్యులలో పి. కె. బెనర్జీ, చునీ గోస్వామి 2020లోనూ, బలరాం 2023లోనూ కన్నుమూశారు. 2024లో రహీం సాహెబు జీవితంపై హిందీలో 'మైదాన్' అనే చలనచిత్రం వచ్చిన తరువాతనే మన యువకులలో కొందరికైనా ఆయన పేరు చెవిన పడింది.

ఆయన పోయిన తరువాత భారత ఫుట్‌బాలుకు ఆసియా క్రీడలలో బంగారు పతకం మరల రాలేదు. 1960 తరువాత ఒలింపిక్సులో మన పురుషుల జట్టు అడుగుపెట్టలేదు. ఈ సందర్భంలో జపాను సంగతి తలచుకోవాలి. 1962లో మన చేతిలో ఓడిన జట్టు అది. ఆ దేశం 1960లోనే జర్మనీ నుండి డెట్‌మార్ క్రామర్ అనే శిక్షకుని పిలిపించుకుంది. ఆయన చెప్పినదంతా శ్రద్ధగా విని, 1965లో దేశమంతటికీ ఒక లీగు ఏర్పాటు చేసుకుంది. శిక్షకులకు శిక్షణ ఇచ్చే పద్ధతులు పెట్టుకుంది. 1968 మెక్సికో ఒలింపిక్సులో కంచు పతకం గెలుచుకుంది. క్రామర్ తిరిగి తన దేశం పోయినా ఆయన నేర్పిన చదువు జపానులో నిలిచిపోయింది. మనకు రహీం సాహెబు మన ఇంటిలోనే పుట్టారు. ఆయనను పిలిపించుకోవలసిన అవసరం కూడా లేకపోయింది. కాని ఆయనతోపాటే ఆ చదువు కూడా చాలవరకు పోయింది. గురువును గౌరవించడం మనకు తెలుసు. గురువు చెప్పిన దానికి ఒక బడి కట్టి, తరువాతి గురువును తయారుచేయడంలోనే మన లోపం ఉన్నది.

ఈ మాట ఆటకే పరిమితం కాదని ఈ ప్రాంతంలో ఉండే మనకు వేరుగా చెప్పనక్కరలేదు. 2006 నాటి తమిళ బోధన చట్టం తరువాత ఇక్కడి తెలుగు బడుల స్థితి ఏమిటో ప్రతి తల్లికీ తండ్రికీ తెలుసు. ఏదో ఒక ఊరిలో ఒక పంతులుగారు శ్రద్ధతో సాయంకాలం పిల్లలను చేర్చుకొని గుణింతాలు దిద్దిస్తుంటే, ఆ ఊరిలో తెలుగు నిలుస్తుంది. ఆయన బదిలీ అయిపోయినా, కాలం చేసినా, పలకలు మూలపడతాయి. ఒక్కరిమీదనే ఆధారపడిన ఏ విద్యకైనా అదే గతి. అందుచేత ఒక మంచి పంతులు దొరికినప్పుడు ఆయన పక్కన ఇంకొక పడుచువానినో, పడుచుపిల్లనో కూర్చోబెట్టి ఆ పని నేర్పించుకోవడం మన సంఘాల మొదటి కర్తవ్యం.

రెండవ సంగతి మన పిల్లలకు. రహీం సాహెబు పెట్టిన నియమాలు ఈనాటికీ పనికివచ్చేవే. తళిలోనో, హోసూరులోనో ఏ బడి మైదానంలోనైనా ఒక ఆదివారం సాయంకాలం ఆడి చూడండి. బంతి కాలికి తగలగానే పక్కవానికి ఇవ్వాలి. పక్కవాడు కన్నడంవాడైనా, తమిళంవాడైనా, ఉర్దూవాడైనా సరే. ఎడమకాలితో కూడా తన్నడం నేర్చుకోవాలి. గోలు కొట్టినవానితోపాటు బంతి అందించినవానికీ చప్పట్లు కొట్టాలి. ఇన్ని భాషల నడుమ కాపురమున్న మనకు ఈ ఆట అలవాటైతే బ్రతుకులోనూ ఉపకరిస్తుంది.

ఈ నూతన సంవత్సరం మన ప్రవాసాంధ్ర కుటుంబాలన్నింటికీ ఆయురారోగ్య ఐశ్వర్యాలను ప్రసాదించుగాక. మన పిల్లలకు మంచి గురువులు లభింతురుగాక. లభించిన గురువుల విద్యను నిలుపుకొనే బుద్ధి మనకు కలుగుగాక.